డిస్కోలో సంగీతం లేదనేవాళ్లు ముందు ఈ బాస్ గిటార్ వినండి: 'గుడ్ టైమ్స్' కథ

[ముందు పాటలోంచి బాస్ మాత్రమే, పది సెకన్లు. తర్వాత నేను.]

"డిస్కోలో సంగీతం ఏముందండీ, డుం డుం అని కొడితే చాలు కదా." ఈ మాట మొన్న మళ్లీ వినాల్సి వచ్చింది. అన్నాయన కర్ణాటక సంగీతం బాగా తెలిసిన మనిషి. పక్కన కూర్చుని అవునవునని తల ఊపినాయన జాజ్ అంటే చెవి కోసుకునే మనిషి. ఆ రెండో ఆయన్ని చూసే నాకు ఒళ్లు మండింది. ఎందుకంటే ఆయన ఇంట్లో పొద్దస్తమానం వినే సరుకే ఈ పాటలోనూ ఉంది, కాకపోతే దీనికి జనం డాన్స్ చేశారు, అదీ దీని నేరం.

మనకు డిస్కో అనగానే మిథున్ చక్రవర్తి, మెరిసే బట్టలు, తిరిగే అద్దాల బంతి గుర్తొస్తాయి. తప్పేం లేదు, నాకూ ఇష్టమే. కానీ అది 1982 నాటి బొంబాయి డిస్కో. నేను చెప్పబోయేది 1979 న్యూయార్క్ గురించి, షిక్ అనే బ్యాండ్ గురించి, వాళ్ల 'గుడ్ టైమ్స్' పాట గురించి.

ఈ బ్యాండ్‌కి ఇద్దరు మూలవిరాట్టులు. గిటార్ నైల్ రాడ్జర్స్, బాస్, అంటే అడుగు స్వరాలు వాయించే గిటార్, బెర్నార్డ్ ఎడ్వర్డ్స్. వీళ్లకి తోడు డ్రమ్స్ మీద టోనీ థాంప్సన్. నైల్ నేర్చుకున్నది జాజ్ గిటార్. పొట్టకూటికి పిల్లల టీవీ షో 'సెసమీ స్ట్రీట్' టూరింగ్ బ్యాండ్‌లో వాయించాడు, హార్లెమ్‌లో అపోలో థియేటర్ బ్యాండ్‌లో వాయించాడు. అపోలో అంటే తెలుసుగా, అక్కడి జనానికి నచ్చకపోతే మొహం మీదే చెప్పేస్తారు, అలాంటి చోట రోజూ ఎవరు పాడటానికొస్తే వాళ్లకి తగ్గట్టు వాయించాలి. మొదట్లో అతని చేతిలో ఉన్నది జాజ్‌వాళ్లు వాడే బోలు గిటార్. దాన్ని వదిలి స్ట్రాటోకాస్టర్ అనే ఎలక్ట్రిక్ గిటార్ పట్టమన్నది, తీగలు పూర్తిగా నొక్కకుండా చెక్‌చెక్‌మని వాయించే పద్ధతి నేర్పింది బెర్నార్డే. అంటే నైల్ రాడ్జర్స్ చెయ్యి అని ప్రపంచమంతా మురిసిపోయే ఆ గిటార్ వెనక ఒక బాస్ వాయించేవాడి గురుత్వం ఉంది. ఈ ముక్క ఎవరూ చెప్పరు, అందుకే ముందే చెప్పేస్తున్నా.

సరే, పాటలోకి వద్దాం. దీన్ని మీరు ఒక పెళ్లి ఊరేగింపు అనుకోండి. వీడియో అయ్యేదాకా ఇదే ఊరేగింపు, నేను వదలను.

ఊరేగింపులో మేళం ఎలా నడుస్తుంది? ఒక ఇంటి గుమ్మం ముందు ఆగుతుంది, అక్కడ నిలబడి నాలుగు దెబ్బలు వేస్తుంది, తర్వాత కదిలి పక్కింటికి వెళ్తుంది, అక్కడ మళ్లీ ఆగుతుంది. బెర్నార్డ్ బాస్ అచ్చం ఇదే. వినండి.

[బాస్ క్లిప్, నెమ్మదిగా]

డుం, డుం, డుం. ఒకే స్వరం మీద మూడు దెబ్బలు. ఇది గుమ్మం ముందు నిలబడటం. తర్వాత చిన్న ఖాళీ. ఆ ఖాళీని వదలకండి, సగం మజా అక్కడే ఉంది. ఆ తర్వాత చిన్న చిన్న అడుగులతో మెట్లెక్కినట్టు పైకి కదులుతాడు, రెండో గుమ్మం చేరతాడు, అక్కడ కాసేపుండి మళ్లీ మొదటి గుమ్మానికి వస్తాడు. పాటంతా ఇంతే. రెండు గుమ్మాలు, మధ్యలో నడక.

ఈ నడక ఎక్కడిదో నైల్ చాలాసార్లు చెప్పాడు. పవర్ స్టేషన్ స్టూడియోలో ఆ రోజు బెర్నార్డ్ ఆలస్యంగా వచ్చాడట. అప్పటికే మిగతావాళ్లు వాయించేస్తున్నారు. అతను బాస్ తగిలించుకుని ఏదో మొదలుపెడుతుంటే నైల్ ఆ గోలలోనే "వాక్!", అంటే నడువు, అని అరిచాడట. ఇతను ఏంటీ అంటే మళ్లీ "వాక్!" అని అరుపు. జాజ్ తెలిసినవాళ్లకి ఆ ఒక్క ముక్క చాలు. జాజ్‌లో బాస్ వాయించేవాడి మొదటి పని వాకింగ్, ఒక కార్డ్ (కలిపి మోగించే స్వరాల గుంపు) నుంచి ఇంకో కార్డ్‌కి దూకకుండా, మధ్య స్వరాల మీద అడుగులేస్తూ వెళ్లడం. ఆ కేక విని బెర్నార్డ్ నడిచాడు. నలభై ఏళ్లు దాటినా ప్రపంచంలో సగం బ్యాండ్లు అతని వెనకే నడుస్తున్నాయి.

ఇప్పుడు ఆ రెండు గుమ్మాల సంగతి. రెండూ కార్డులే: మొదటిది 'ఈ మైనర్ సెవెన్' (Em7), రెండోది 'ఏ' (A). జాజ్‌వాళ్లకి ఈ జంట కనిపిస్తే తర్వాత ఏం రావాలో నిద్రలో లేపి అడిగినా చెప్తారు: 'డి' (D) రావాలి. ఈ మూడు కార్డుల వరసని టూ, ఫైవ్, వన్ అంటారు. వేలాది జాజ్ పాటలు ఈ దారిలోనే ఇంటికి చేరతాయి. మన ఊరేగింపులో డి అంటే పెళ్లి మండపం. ఇక్కడ నైల్, బెర్నార్డ్ చేసిన తుంటరి పని ఏంటంటే, మండపానికి వెళ్లే వీధిలోకి మనల్ని తీసుకొచ్చి మండపానికి మాత్రం వెళ్లరు. రెండో గుమ్మం దాకా వచ్చి మళ్లీ మొదటి గుమ్మానికి తిప్పుతారు. మళ్లీ అదే, మళ్లీ అదే. ఎనిమిది నిమిషాల పైచిలుకు పాటలో పెళ్లికొడుకు మండపం ఎక్కడు! ఇక డాన్స్ ఎలా ఆగుతుంది? మండపం చేరితే అందరూ కూర్చుంటారు కదా.

మొదట్లో చెప్పిన కర్ణాటక సంగీతం ఆయన కోసం ఇంకో మాట. ఈ బాస్ నడిచే స్వరాలన్నీ వరసగా పేర్చండి. పాశ్చాత్యులు డోరియన్ అంటారు. మన లెక్కలో అది ఖరహరప్రియ స్వరస్థానాలు. 'చక్కని రాజమార్గము' రాగం అండీ! గమకాలు లేవు, రాగలక్షణం లేదు, కాబట్టి షిక్ వాళ్లు ఖరహరప్రియ వాయించారని నేను అనడం లేదు, కామెంట్లలో నన్ను తిట్టొద్దు. ఆ మెట్లు మాత్రం అవే. 1959లో జాజ్ ట్రంపెట్ విద్వాంసుడు మైల్స్ డేవిస్ డోరియన్ మెట్ల మీదే నిమిషాలకు నిమిషాలు గడిపితే గొప్ప జాజ్ అన్నారు. 1979లో వీళ్లు అదే మెట్ల మీద డాన్స్ చేయిస్తే డుం డుం అన్నారు.

ఇక గిటార్. నైల్ కుడి చెయ్యి చూడండి.

[కచేరీ క్లిప్, కుడి చెయ్యి దగ్గరగా]

నాలుగు దెబ్బల చుట్టులో ఆ చెయ్యి పదహారు సార్లు కిందకీ పైకీ ఊగుతుంది, మన చతురశ్ర నడ లెక్క. చెయ్యి ఆగదు. కానీ పదహారూ వినిపించవు. ఎడమ చేతి వేళ్లు తీగల మీద ఊరికే ఆనించి ఉంటాయి, అందుకే చాలావరకు చెక్ అనే పొడి చప్పుడే వస్తుంది. సరిగ్గా కావలసిన చోట మాత్రం వేళ్లు గట్టిగా నొక్కుతాడు, అప్పుడు కార్డ్ తళుక్కుమని మెరిసి మాయమవుతుంది. అది కూడా పూర్తి కార్డ్ కాదు, పై తీగల మీద మూడు స్వరాలు. కింది స్వరాలు బెర్నార్డ్ చూసుకుంటాడు కాబట్టి వాటి జోలికి పోడు. ఊరేగింపులో పెద్దల కాళ్ల మధ్య నుంచి పరిగెత్తే పిల్లలుంటారు చూడండి, ఎవరికీ తగలకుండా, ఎప్పుడు ఎక్కడ తేలతారో తెలియకుండా. నైల్ గిటార్ ఆ పిల్లల గుంపు. పైన వెలుగు పరిచే పెట్రోమాక్స్ లైట్లు జీన్ ఆర్లాఫ్ నడిపించిన వయొలిన్లు. టోనీ థాంప్సన్ డప్పు. ఆయన హడావిడి చెయ్యడు. వేగం నిమిషానికి సుమారు 110 దెబ్బలే, అప్పటి చాలా డిస్కో పాటల కంటే తక్కువ. పరుగు కాదు, దర్జాగా నడక.

పదాలు చూస్తే మంచి రోజులొచ్చాయి, ఆల్చిప్పలు తిందాం, రోలర్ స్కేట్లు ఎక్కుదాం అన్న ధోరణి. పైపైన వింటే బలిసినవాళ్ల పాట. కానీ 1979లో అమెరికాలో పెట్రోలు బంకుల ముందు బారులు, ధరల మంట. వీళ్లు కావాలనే 1929 నాటి 'హ్యాపీ డేస్ ఆర్ హియర్ అగైన్' పాటలోని మాటను పల్లవి దగ్గర్లో పెట్టారు, మహామాంద్యం రోజుల్లో జనం పాడుకున్న పాట అది. చేతిలో డబ్బు లేనప్పుడే కదా మంచి రోజులని గట్టిగా పాడతాం. ప్రతి పాటలోనూ లోపల దాచిన అర్థం ఒకటి ఉండాలన్నది వాళ్ల నియమం, దానికో ముద్దుపేరు కూడా పెట్టుకున్నారు. పాడిన ఆల్ఫా ఆండర్సన్, లూసీ మార్టిన్ గొంతుల్లో ఎక్కడా ఉద్వేగం పొంగదు. నాకైతే ఆ నిబ్బరమే ఇష్టం.

టైమ్ చూస్తే భయమేస్తోంది, అసలు గొడవ ఇంకా మొదలే కాలేదు.

1979 జులై 12, చికాగోలో కొమిస్కీ పార్క్ బేస్‌బాల్ మైదానం. డిస్కో రికార్డు ఒకటి పట్టుకొస్తే 98 సెంట్లకే టికెట్ అన్నారు. రెండు ఆటల మధ్యలో ఆ రికార్డులన్నీ పోగేసి పేల్చేశారు. జనం మైదానంలోకి దూకి నానా బీభత్సం చేశారు, రెండో ఆట జరగనే లేదు. అది సంగీతాభిరుచి గొడవేనంటే నేను నమ్మను. నల్లవాళ్లూ, గేలూ, లాటినోలూ పెంచుకున్న సంగీతం మీద కసి అందులో చాలా ఉంది. సరిగ్గా అప్పుడు చార్టుల్లో పైకి ఎక్కుతున్నది 'గుడ్ టైమ్స్'. ఆగస్టు 18న అమెరికా పాటల చార్టు బిల్‌బోర్డ్‌లో నంబర్ వన్. వారం తిరక్కుండా 'మై షరోనా' అనే రాక్ పాట దాన్ని దింపేసింది. ఆ తర్వాత షిక్‌కి అమెరికాలో టాప్ 40 హిట్ అన్నదే లేదు. ఊరేగింపు మీద రాళ్లేసి మేళం మూయించారనుకున్నారు.

కానీ మేళం వేరే వీధిలోకి వెళ్లింది. ఈ పాట మధ్యలో ఒక చోట అందరూ తప్పుకుంటారు, భోజనాలకి వెళ్లినట్టు. వీధిలో మిగిలేది బాస్, డ్రమ్స్. తర్వాత ఒక్కొక్కరే తిరిగొచ్చి కలుస్తారు. న్యూయార్క్‌లోని బ్రాంక్స్ పేట డీజేలకి కావలసింది ఆ ఖాళీ వీధే. ఒకే రికార్డు రెండు కాపీలు రెండు టర్న్‌టేబుళ్ల మీద పెట్టి, ఇది అయిపోగానే అది, అది అయిపోగానే ఇది, అలా ఖాళీ వీధిని గంటలకొద్దీ సాగదీసేవాళ్లు. మైకు పట్టుకున్నవాళ్లు దాని మీద మాటలు అల్లేవాళ్లు.

1979 సెప్టెంబరులో రికార్డు కంపెనీ నడిపే సిల్వియా రాబిన్సన్ దాన్ని రికార్డుగా బయటికి తెచ్చింది. షుగర్‌హిల్ గ్యాంగ్ 'రాపర్స్ డిలైట్'. ఇక్కడ చాలామంది శాంపిల్ చేశారంటారు, అంటే అసలు రికార్డులోంచి ముక్క కోసి వాడారని, కాదు. స్టూడియోలో కుర్రాళ్లు కూర్చుని అదే బాస్‌ని మళ్లీ వాయించారు, నిమిషాల తరబడి, తప్పకుండా. మేళం అదే, పెళ్లికొడుకు వేరు. నైల్ దాన్ని ఒక క్లబ్బులో విని ఖంగుతిన్నాడు. లాయర్ల దాకా వెళ్లాక రచయితలుగా ఎడ్వర్డ్స్, రాడ్జర్స్ పేర్లు వేశారు. ర్యాప్‌లో మొదటి పెద్ద హిట్ మీద ఇద్దరు డిస్కో మనుషుల పేర్లున్నాయి, గమనించండి.

1980లో బ్రిటిష్ రాక్ బ్యాండ్ క్వీన్ వాళ్ల 'అనదర్ వన్ బైట్స్ ద డస్ట్'. మూడు దెబ్బలు, ఖాళీ, నడక. గుర్తుపట్టారా? వాళ్ల బాసిస్ట్ జాన్ డీకన్ షిక్ స్టూడియోకి వచ్చి కొన్నాళ్లు వాళ్లతో గడిపాడని బెర్నార్డే చెప్పాడు. అది పర్లేదన్నాడు. బాధల్లా ఏంటంటే, పత్రికలవాళ్లు షిక్కే క్వీన్‌ని కాపీ కొట్టిందని రాశారట! పెళ్లి చూసి వెళ్లిన చుట్టం తర్వాత తన ఇంట్లో అదే మేళం పెట్టుకుంటే, మనమే వాళ్లని చూసి చేశామని ఊరంతా అన్నట్టు. 1981లో బ్రాంక్స్ డీజే గ్రాండ్‌మాస్టర్ ఫ్లాష్ ఒకే రికార్డులో 'గుడ్ టైమ్స్'నీ, ఆ క్వీన్ పాటనీ, బ్లాండీ బ్యాండ్ 'రాప్చర్'నీ ఒకదాని పక్కన ఒకటి పెట్టి వినిపించాడు. ఎవరి మేళం ఎవరిదో అక్కడే తేలిపోతుంది, వాదన అనవసరం.

మిగతాది గబగబా చెప్పేస్తా. నైల్ 1983లో డేవిడ్ బోవీకి 'లెట్స్ డాన్స్', 1984లో మడోనాకి 'లైక్ ఎ వర్జిన్' చేశాడు, ఈ మడోనా రికార్డులో బాస్, డ్రమ్స్ మళ్లీ బెర్నార్డ్, టోనీలే. బెర్నార్డ్ 1996 ఏప్రిల్‌లో టోక్యో బుడోకాన్‌లో కచేరీ చేసి, ఆ తర్వాత హోటల్ గదిలో న్యుమోనియాతో పోయాడు. టోనీ 2003లో. 2013లో ఫ్రెంచ్ జంట డాఫ్ట్ పంక్ పాట 'గెట్ లక్కీ'లో చెక్‌చెక్‌మనేది నైల్ చెయ్యే, మీ పిల్లలు దానికి డాన్స్ చేసే ఉంటారు.

వినాలనుకుంటే రేడియో కోసం కత్తిరించినది వద్దు, 'రిస్కే' ఆల్బమ్‌లోని పూర్తి పాట వినండి, ఖాళీ వీధి అందులోనే పూర్తిగా ఉంటుంది. ఫోన్ స్పీకర్‌లో బాస్ వినపడదు, ఇయర్‌ఫోన్స్ పెట్టుకోండి. ఆ జాజ్ ఆయనకి లింక్ ఇప్పటికే పంపాను, రెండు నీలం టిక్కులు పడ్డాయి, జవాబు మాత్రం ఇంకా రాలేదు.