మన్యం వేగులు: ఒకవైపు చుట్టరికం, ఒకవైపు సనదు

సభకు నమస్కారం.

విశాఖ జిల్లా వాళ్లం అల్లూరి సీతారామరాజు పేరు గర్వంగా చెప్పుకుంటాం. ఆయన జాడ పోలీసులకు చేరవేసిన కొండవాళ్ల సంగతి వస్తే మాత్రం ‘ద్రోహులు’ అనేసి ముందుకు వెళ్లిపోతాం. నాకు అది న్యాయం అనిపించదు.

గూడెం కొండల్లో ముఠాదారు అంటే ముఠాకు, అంటే కొన్ని కొండ ఊళ్ల సముదాయానికి, తరతరాల పెద్ద. శిస్తు వసూలు చేసి సర్కారుకు కట్టేది ఆయనే. కొండ మీద అలజడి లేస్తే వెంటనే అధికారులకు కబురు పంపాల్సిన బాధ్యతా ఆయనదే. పంపకపోతే సనదు, అంటే సర్కారు ఇచ్చిన హక్కుపత్రం, దానితో పాటు ముఠా పోతుంది. మరి ఆ కబురు ఎవరి మీద? సొంత అన్నదమ్ముల మీద, మేనల్లుడి మీద, వియ్యంకుడి మీద!

ఇంకోవైపు 1882 మద్రాసు అటవీ చట్టం వచ్చాక పోడు కొట్టుకోవడం, అంటే అడవి నరికి సాగు చేసుకోవడం, కష్టమైపోయింది. డిప్యూటీ తహసీల్దారు బాస్టియన్ నర్సీపట్నం–లంబసింగి రోడ్డు పనిలో కూలి సరిగా ఇవ్వకుండా చాకిరీ చేయించాడు. బట్టిపనుకుల మునసబు గాం గంటం దొర పదవి పోయింది. ఆయనా, సోదరుడు మల్లు దొరా సీతారామరాజుతో కలిశారు. నిన్నటిదాకా సర్కారు మనిషిగా ఉన్నవాడే పితూరీలోకి, అంటే తిరుగుబాటులోకి, వచ్చాడన్నమాట.

1922 ఆగస్టులో చింతపల్లి, కృష్ణదేవిపేట, రాజవొమ్మంగి పోలీసు స్టేషన్ల మీద రాజు దళం వరసగా దాడులు చేసింది. సెప్టెంబర్ 24న దామనపల్లి ఘాట్‌లో జరిగింది నేను ఎప్పుడూ మరిచిపోలేను. ముందు నడిచిన మన పోలీసులను పోనిచ్చి, వెనక వచ్చిన తెల్ల అధికారులు స్కాట్ కవర్డ్, హైటర్‌లను కాల్చారు. పొట్టకూటికి తుపాకీ పట్టినవాడు వేరు, పట్టించినవాడు వేరని ఆ కొండవాళ్లకు తెలుసు. వందేళ్లు దాటాక మనకు ఎందుకు తెలియకూడదు?

ఆ తర్వాత ఒత్తిడి పెరిగింది. రాజు తలకు పది వేల రూపాయల వెల కట్టారు. పితూరీదారులకు తిండి పెట్టారన్న అనుమానం ఉంటే చాలు, పట్టుకెళ్లారు. డబ్బు కోసం జాడ చెప్పినవాణ్ని నేను వెనకేసుకు రాను. కానీ బిడ్డలను విడిపించుకోవడానికి నోరు విప్పినవాణ్ని అదే గాటన కట్టలేను.

1924 మే 7న కొయ్యూరు దగ్గర రాజును కాల్చేశారు. మరుసటి నెలలో గంటం దొర. పట్టుబడి జైలు పాలైన మల్లు దొర 1952లో ఇదే విశాఖ నుంచి లోక్‌సభకు వెళ్లారు.

సర్కారు కాగితాల్లో కబురు కనిపిస్తుంది. దాన్ని మోసుకెళ్లిన మనిషి ఇంటికొచ్చి పెళ్లాంతో ఏమన్నాడో కనిపించదు. కొయ్యూరు, చింతపల్లి వైపు వాళ్లు ఇక్కడ ఉంటే, మీ ఇంట్లో పెద్దవాళ్లు చెప్పింది సిగ్గుపడకుండా రాసిపెట్టండి.