కురొసావా సెట్లో నోట్సు రాసిన మనిషి

అందరికీ నమస్కారం.

డైరెక్షన్ నేర్చుకోవాలని వచ్చిన మీకు ఇవాళ డైరెక్టర్ పక్కన కూర్చుని నోట్సు రాసుకున్న ఒకావిడ గురించి చెప్తాను. పేరు తెరుయో నొగామి. 1927లో టోక్యోలో పుట్టారు. 1950లో 'రషోమాన్' సినిమాకి జపాన్ దర్శకుడు అకీరా కురొసావా దగ్గర స్క్రిప్ట్ సూపర్‌వైజర్‌గా పనిచేశారు. 1952 నాటి 'ఇకిరు' నుంచి 1993లో వచ్చిన ఆయన ఆఖరి సినిమా 'మదదాయో' దాకా మళ్ళీ ఆయన్ని వదల్లేదు.

ఆవిడ సినిమాల్లోకి వచ్చిన దారి నాకు చాలా ఇష్టం. స్కూల్లో చదివేటప్పుడు మన్సాకు ఇతామి అనే దర్శకుడి సినిమా చూసి ఆయనకి ఉత్తరం రాశారు. ఆయన జవాబిచ్చారు. 1946లో ఇతామి పోయారు. తర్వాత నొగామి క్యోటోలోని దైయే స్టూడియోలో ఈ పని నేర్చుకుంటూ, ఆయన కొడుకు బాగోగులు కూడా చూసుకున్నారు. ఆ కుర్రాడే తర్వాతి కాలంలో పేరున్న దర్శకుడు జూజో ఇతామి.

ఇంతకీ ఏమిటీ పని? 'కంటిన్యుటీ చూడటం' అని మనం ఒక్క ముక్కలో తేల్చేస్తాం. చీర రంగు మారకుండా, బొట్టు చెదరకుండా చూసుకోవడం అనుకుంటాం. అదీ ఉంది, కానీ అసలు సంగతి వేరు. ఒకతను టీ తాగుతూ "నేను వెళ్ళను" అంటాడనుకోండి. వైడ్ షాట్‌లో 'నేను' దగ్గర కుడిచేత్తో గ్లాసు ఎత్తాడు. గంట తర్వాత క్లోజప్ తీస్తుంటే 'వెళ్ళను' అన్నాక ఎత్తాడు. రెండు షాట్లూ బ్రహ్మాండంగా ఉన్నాయి. కానీ ఆ మాట మధ్యలో కట్ చెయ్యాలంటే ఎడిటర్‌కి కుదరదు. అంటే స్క్రిప్ట్ సూపర్‌వైజర్ కాపాడేది ఎడిటర్‌కి ఉండే స్వేచ్ఛని. ప్రేక్షకుడు తప్పు పట్టుకుంటాడా లేదా అన్నది ఆ తర్వాతి మాట.

అందుకే స్టాప్‌వాచ్, పెన్సిల్, స్క్రిప్ట్ చేతిలో ఉంటాయి. టేకు ఎన్ని సెకన్లు, ఏ లెన్సు, ఏది ఓకే, ఏది ఎన్జీ (అంటే పనికిరాని టేకు), ఎందుకు ఎన్జీ, నటుడు ఏ మాట మార్చాడు, ఎటు చూశాడు అన్నీ రాస్తారు. ఏ షాట్ ఏ డైలాగ్ దగ్గర మొదలై ఎక్కడ ఆగిందో స్క్రిప్ట్ పేజీ మీద నిలువు గీతలు గీస్తారు. ఆ పేజీ చూస్తే చాలు, సీనులో ఇంకా ఏం తియ్యాలో తెలిసిపోతుంది.

కురొసావా తన సినిమాలు తనే ఎడిట్ చేసుకునేవారు. షూటింగ్ సాగుతుండగానే తీసినవాటిని కత్తిరించి చూసుకునేవారు. కాబట్టి నొగామి రాసింది మూలన పడేసే కాగితం కాదు, వెంటనే ఎడిటింగ్ టేబుల్ మీద పనికొచ్చేది. 'రషోమాన్'లో కష్టం చూడండి. అదే అడవి, అవే మనుషులు, అదే సంఘటన. చెప్పేవాళ్ళు మారినప్పుడల్లా జరిగిన తీరు మారుతుంది. ఏ తేడా కథకి కావలసింది, ఏది పొరపాటున దొర్లింది? అది పట్టుకోవాలి. పైగా ఆకుల మధ్య నుంచి పడే ఎండ నిలకడగా ఉండదు, అద్దాలు పెట్టి మళ్ళించారు. అప్పట్లో వెనక్కి తిప్పి చూసుకోవడానికి సెట్లో మానిటర్ లేదు. 'సెవెన్ సమురాయ్'కి వచ్చేసరికి ఆయన ఒకే పోరాటాన్ని ఒకేసారి పలు కెమెరాలతో తీయడం మొదలుపెట్టారు. వాన, బురద, గుర్రాలు. ఏ ముక్క ఏ కెమెరాలో పడిందో రాసి ఉండకపోతే దాన్ని వెతకడానికే రోజులు పడతాయి.

'రషోమాన్' విడుదలకి కొద్ది రోజుల ముందు దైయే స్టూడియోలో నిప్పంటుకుంది. ఆనాటి ఫిల్మ్ ఇట్టే భగ్గుమనే రకం. ఎలాగోలా నెగటివ్ బయటపడింది. మరుసటి ఏడాది అదే సినిమాకి వెనిస్ చిత్రోత్సవంలో గోల్డెన్ లయన్ అవార్డు వచ్చింది. ఆ రోజుల సంగతులు తర్వాత నొగామి జ్ఞాపకాలుగా రాశారు. కురొసావా గురించి రాసినవాళ్ళు చాలామందే ఉన్నారు, కానీ ప్రతి టేకునీ పక్కనుంచి చూసిన కన్ను ఆవిడది. చిన్నతనంలో తన తండ్రిని రాజకీయ భావాల కారణంగా జైల్లో పెట్టిన రోజుల గురించీ రాశారు. దాన్ని 2008లో యోజి యమదా సినిమాగా తీశారు.

ఇంగ్లండ్‌లో ఏంజెలా అలెన్ ఇదే పని జీవితాంతం చేశారు. జాన్ హ్యూస్టన్ 'ది ఆఫ్రికన్ క్వీన్' ఆవిడ చేసిందే. 2005లో బ్రిటన్ సినిమా అకాడమీ బాఫ్టా వాళ్ళు బ్రిటిష్ సినిమాకి చేసిన సేవకి గాను ఆవిడకి అవార్డు ఇచ్చారు.

మన సెట్లలో ఈ పని సాధారణంగా ఒక అసిస్టెంట్ డైరెక్టర్ మీద పడుతుంది. ఆర్టిస్టుని కారవాన్ నుంచి పిలుచుకొచ్చేదీ అతనే, డైలాగ్ అందిస్తూ ప్రాంప్టింగ్ ఇచ్చేదీ అతనే. మధ్యలో కంటిన్యుటీ రాయాలి! "మానిటర్‌లో వేసి చూసుకుంటాం కదా" అంటారు. చూసుకోవచ్చు, కానీ యూనిట్ అంతా ఆగాలి. పైగా ఆర్టిస్టుల డేట్లని బట్టి క్లైమాక్స్ ముందు, ఇంట్రడక్షన్ తర్వాత తీస్తాం. ఆ సీను నాటికి పాత్ర ఎంత అలసిపోయి ఉండాలో, ఎంత కోపంతో ఉండాలో పాత క్లిప్ చెప్పదు. స్క్రిప్ట్ మొత్తం మనసులో పెట్టుకున్న మనిషే చెప్పాలి. మీలో ఎవరైనా సినిమా తీస్తే ఈ పనికి ఒక మనిషిని విడిగా పెట్టండి. జీతం బడ్జెట్లో రాయండి, పేరు టైటిల్స్‌లో వెయ్యండి, షూటింగ్ టైములో ఇంకో పని చెప్పకండి.

ఇప్పుడు 'రషోమాన్'లో వానలో తడుస్తున్న ద్వారం దగ్గరి సీను వేస్తాను. కాగితం, పెన్ను తీసుకోండి. ఎవరు ఎక్కడ కూర్చున్నారు, మంట ఎంత ఉంది, ప్రతి కట్ దగ్గరా ఎవరి చూపు ఎటుంది అన్నవి రాయండి. రెండోసారి వేసినప్పుడు మీరు రాసినదానితో సరిచూద్దాం.