ఫోన్-ఇన్: సినిమా ఆగింది, అందరూ మేనేజర్నే అడుగుతున్నారు

వ్యాఖ్యాత: సినిమా రంగంలో తెర వెనుక ఉద్యోగాల గురించి మాట్లాడుకుంటున్నాం. ప్రొడక్షన్ అసిస్టెంటుగా మొదలై లైన్ ప్రొడ్యూసర్ దాకా, అంటే షూటింగు ఖర్చులు, ఏర్పాట్లు చూసుకునే స్థాయి దాకా వచ్చిన అతిథి మనతో ఉన్నారు. ఏలూరు నుంచి ఫోన్. చెప్పండి.

శ్రోత: నమస్కారమండి. హైదరాబాదులో ఓ చిన్న సినిమాకి ప్రొడక్షన్ మేనేజరుగా చేశాను. రెండో షెడ్యూలు మధ్యలో ఆగిపోయిందండి. నిర్మాత గారు ఫోన్ ఎత్తట్లేదు. జనరేటర్ వాళ్లు, భోజనాలాయన, జూనియర్ ఆర్టిస్టుల ఏజెంటు, అందరూ నాకే చేస్తున్నారు. నీ మొహం చూసి వచ్చాం అంటున్నారు. నాన్నగారేమో అరెకరం అమ్మి ఇచ్చేద్దాం అంటున్నారండి.

అతిథి: పొలం జోలికి వెళ్లొద్దు తమ్ముడూ. ముందు ఆ మాట నాన్నగారికి చెప్పు. నువ్వు జీతానికి చేశావా, వాటా ఏమైనా ఉందా?

శ్రోత: జీతమేనండి. అదీ రెండు నెలలది రావాలి.

అతిథి: నీ పేరున చెక్కుగానీ, ప్రామిసరీ నోటుగానీ ఇచ్చావా?

శ్రోత: లేదండి. వోచర్ల మీద సంతకాలు మాత్రం నావే. వోచర్లు బ్యానర్, అంటే సినిమా తీసే కంపెనీ పేరున ఉన్నాయి.

అతిథి: అయితే ఆ బాకీ కంపెనీది. కాగితాలు ఒకసారి లాయరుకి చూపించు. ఈ రాత్రే కూర్చుని పెండింగ్ లిస్టు రాయి. ఏ తేదీ, ఎవరు, ఎంతకి మాట్లాడుకున్నాం, ఎంత ఇచ్చాం, ఎంత నిలిచింది. లైట్‌మన్‌కి పొద్దున ఆరు నుంచి సాయంత్రం ఆరు అని చెప్పి రాత్రి పదకొండుకి ప్యాకప్ చెప్పి ఉంటారు. ఆ అదనపు బేటా, అంటే ఎక్కువ గంటలకి ఇవ్వాల్సిన డబ్బు కూడా రాయి. అక్కడే పేదవాడి డబ్బు పోతుంది. ఆ లిస్టు నిర్మాతకి వాట్సాప్‌లో పెట్టు, రిజిస్టర్డ్ పోస్టులో కూడా పంపు.

శ్రోత: ఆయన పలకకపోతే?

అతిథి: మీ యూనియన్‌కి వెళ్లు. లైట్‌మన్లు, జూనియర్ ఆర్టిస్టులు వాళ్ల వాళ్ల యూనియన్ల ద్వారా ఫిర్యాదు రాసివ్వాలి. అక్కడి నుంచి ఆ యూనియన్లన్నీ కలిసిన ఫెడరేషన్‌కి, నిర్మాతలుండే ఫిలిం ఛాంబర్‌కి వెళ్తుంది. రిలీజ్ డేట్ వేసేదాకా ఆగొద్దు, ఇప్పుడే కదలాలి. ఫోన్ మాత్రం ఆపెయ్యకు నాయనా. సినిమా కార్మికులుండే కృష్ణానగర్ వెళ్లి వాళ్లని కలువు, లిస్టు కాపీ చేతిలో పెట్టు. 2025 ఆగస్టులో వేతనాల పెంపు కోసం కార్మికులు సమ్మె చేస్తే షూటింగులు ఆగిపోయాయి. రోజు కూలీతో ఇల్లు గడుపుకునేవాళ్లు పని మానేసి కూర్చున్నారంటే వాళ్లకి ఆ డబ్బు ఎంత అవసరమో ఆలోచించు.

శ్రోత: ఎప్పటికైనా నిర్మాతనవ్వాలని ఉందండి. ఇక ఈ ఫీల్డు వదిలెయ్యమంటారా?

అతిథి: ఎందుకు వదలాలి? అట్లూరి పుండరీకాక్షయ్య గారు ఎన్టీఆర్ గారి సొంత నిర్మాణ సంస్థ ఎన్.ఏ.టి.లో ప్రొడక్షన్ చూసుకున్నవారే. 1962లో వచ్చిన 'మహామంత్రి తిమ్మరుసు' నిర్మాతల్లో ఆయన ఒకరు. రేపు నీ బాకీలు తీరినా తీరకపోయినా, లెక్క దాచకుండా నిలబడ్డావని ఆ లైట్‌మన్‌కి తెలియాలి. ఇంకోసారి మాత్రం షెడ్యూలు ఖర్చు అకౌంట్లో పడందే ఎవరికీ కాల్‌షీట్, అంటే ఫలానా రోజు షూటింగుకి రమ్మని చెప్పకు. తొందరపెట్టినా చెప్పకు.

వ్యాఖ్యాత: కరీంనగర్ నుంచి ఇంకో ఫోన్. చెప్పమ్మా.

శ్రోత: సార్, నేను బి.కాం. చదివిన. ప్రొడక్షన్ పని నేర్చుకోవాలంటే కోర్సు చెయ్యాల్నా?

అతిథి: కోల్‌కతాలో సత్యజిత్ రే ఇన్‌స్టిట్యూట్‌లో ప్రొడ్యూసింగ్ కోర్సు ఉందమ్మా. సీటొస్తే వెళ్లు. రాకపోతే ఏదైనా ఆఫీసులో ప్రొడక్షన్ అకౌంట్స్‌లో చేరు, నీ చదువుకి సరిపోయే దారి అదే. లెక్కలతోపాటు అనుమతుల పనీ నేర్చుకో. ఎద్దులబండి సీను ఉందనుకో, జంతు సంక్షేమ బోర్డు అనుమతి షూటింగుకి ముందే తీసుకోవాలి. లేకపోతే సెన్సార్ దగ్గర సినిమా ఆగుతుంది. చేరిన ఆఫీసులో ఆ ఫైళ్లు ఎవరు చూస్తారో అడిగి, వాళ్ల దగ్గర పని చెయ్యి.