కేబీఆర్ పార్కు, ఐదు అంకెలు

అక్క: రికార్డ్ అవుతోందా? సరే. ఐదు అంకెలు చెప్తాను, వెనక నుంచి చెప్పు. ఏడు, రెండు, తొమ్మిది, నాలుగు, ఒకటి.

తమ్ముడు: ఒకటి, నాలుగు... తొమ్మిది... ఏడు? అక్కా, హైటెక్ సిటీ ట్రాఫిక్‌లోంచి ఇప్పుడే వచ్చాను, వదిలెయ్.

అక్క: అందుకే అడిగాను. అమెరికాలో మిషిగన్ యూనివర్సిటీ వాళ్లూ ఇలాంటి పరీక్షే పెట్టారు, 2008లో దాని మీద పరిశోధన పత్రం వచ్చింది. ఒకసారి చెట్ల తోటలో సుమారు గంట నడిపించారు, ఇంకో వారం అదే మనుషుల్ని ఊరి మధ్య రోడ్డు మీద. తోట నుంచి వచ్చాక అంకెలు బాగా చెప్పారు. రోడ్డు నుంచి వచ్చాక చెప్పుకోదగ్గ తేడా లేదు.

తమ్ముడు: ఎంతమంది?

అక్క: నలభై మంది కూడా లేరు. కాబట్టి దీన్ని వేదవాక్కు చేయొద్దు.

తమ్ముడు: అయినా నడక రెండుచోట్లా నడకేగా?

అక్క: కాళ్లకు ఒకటే. బుర్రకు కాదు. ఆ యూనివర్సిటీలోనే కాప్లాన్ అనే సైకాలజిస్టు దంపతులు 1989లో ఒక పుస్తకంలో దీన్ని వివరించారు. నువ్వు ఎక్సెల్ షీట్ చూస్తున్నప్పుడు వాట్సాప్ మోతనీ, పక్క సీటు కబుర్లనీ తోసేస్తూ ఉంటావు చూడు, ఆ తోయడానికే అలసిపోతాం. రోడ్డు మీదా అంతే. ఆటో వస్తోందా, బస్సు వస్తోందా, వెనక హారన్ ఎవరిది? అదే చెట్టు మీద ఆకు కదిలిందనుకో, చూస్తే చూశావు, లేకపోతే లేదు. దేన్నీ తోసెయ్యక్కర్లేదు, అలసిన భాగం కాసేపు ఊరుకుంటుంది.

తమ్ముడు: నేనూ మన హైదరాబాద్ కేబీఆర్ పార్కుకి వెళ్తానుగా, వారానికి మూడు రోజులు. ఏమీ తేలికపడినట్టుండదు.

అక్క: ఎక్కడ నడుస్తావు?

తమ్ముడు: బయటి ట్రాక్ మీద. ఇయర్‌ఫోన్స్‌లో ఆఫీస్ కాల్.

అక్క: ఒరేయ్! పక్కనే ట్రాఫిక్, చెవిలో మేనేజర్. అది మీటింగే, చెమట ఎక్కువ, అంతే. టికెట్ కొని లోపలికి వెళ్లు. ఊరి మధ్యలో నెమళ్లు తిరిగే అడవి ఉంది, 1998లో నేషనల్ పార్కు చేశారు, నువ్వేమో దాని గోడ చుట్టూ తిరుగుతావు.

తమ్ముడు: మే నెలలో లోపలైనా ఉక్కపోతే కదా, హాయేముంటుంది?

అక్క: ఇదే నాకు బాగా నచ్చిన ముక్క. ఆ మిషిగన్ పరీక్షలో జనవరి చలిలో నడిచినవాళ్లకు తోటలో నడక అంత హాయిగా లేదట. అయినా అంకెల్లో మెరుగు కనిపించింది. అంటే సంతోషపడితేనే పనిచేస్తుందని కాదు. మన ఎండకి మాత్రం నేను హామీ ఇవ్వను, పొద్దున ఆరింటికి లేవాల్సిందే.

తమ్ముడు: ఆరింటికా! మరి మన ఎపిసోడ్ వింటూ పార్కులో నడుస్తున్నవాళ్ల సంగతి?

అక్క: ఇక్కడే ఆపెయ్యమను. మిగతాది ఇంటికొచ్చి వింటారు.