మాయ ఒకటా, రెండా? – ఇంగ్లండులోని లీడ్స్‌లో మా కవలల 22వ వారం స్కాన్

అందరికీ నమస్కారం. ఫోన్ చేసిన ప్రతి బంధువుకూ మొదటి నుంచీ చెప్పుకురావడం నా వల్ల కావడం లేదు కనుక, రాజమండ్రి పిన్ని సలహా మేరకు ఈ రోజు సంగతులన్నీ ఒకే వీడియోలో చెబుతున్నాను. స్కాన్ గదిలో చిత్రీకరణకు ఒప్పుకోరు; అందుచేత మీరు చూస్తున్నది మా వంటగది, వినబడుతున్నది బయటి వాన.

12వ వారంలో తెరపై రెండు తలలు కనబడగానే నేను ఏడ్వడం మొదలుపెట్టాను. స్కాన్ చేస్తున్న ఆవిడ మాత్రం నన్ను పట్టించుకోకుండా, ఇద్దరి మధ్యనున్న పొర మాయను, అంటే కడుపులో బిడ్డకు తల్లి నుంచి ఆహారం అందించే ప్లాసెంటాను, తాకే చోటునే చాలాసేపు పరికించింది. మన ఊళ్లో ఆడపిల్లా, మగపిల్లవాడా అన్నది 1994 నాటి చట్టం ప్రకారం అడగరాని ప్రశ్న. ఇక్కడ 20వ వారంలో అడిగితే చాలా ఆస్పత్రుల్లో చెబుతారు. అయితే కవలల విషయంలో అంతకంటే ముందు తేల్చవలసింది మాయ ఒకటా, రెండా అన్నది. ఆ పొర మొదలు త్రికోణంలా మందంగా ఉంటే మాయలు రెండు. సన్నగా, ఇంగ్లీషు 'టీ' అక్షరంలా ఆనుకుని ఉంటే ఒకటే. మాది టీ.

అమలాపురం పెద్దమ్మ నమ్మినట్టు ఇది జంట అరటిపండు మహిమ కాదు. రెండు అండాలు విడివిడిగా ఫలదీకరణ చెందితే ఎవరి మాయ వారిదే. ఒకే పిండం రెండుగా విడిపోతే మాత్రం, అది ఏ రోజున విడిపోయిందన్నదాన్ని బట్టి పంపకాలు జరుగుతాయి: మొదటి మూడు రోజుల్లో అయితే అన్నీ వేరు, సుమారు 4 నుంచి 8 రోజుల మధ్య అయితే మాయ ఉమ్మడి, ఉమ్మనీటి సంచులు వేరు, ఇంకా ఆలస్యమైతే సంచి కూడా ఒకటే. మా వాళ్లది వంటిల్లు ఒకటి, పడకగదులు రెండు అని అత్తయ్యగారికి చెప్పాను.

ఉమ్మడి వంటింట్లో తగవులుంటాయని మీకు వేరే చెప్పనక్కరలేదు. మాయలో ఇద్దరి రక్తనాళాలు కలిసి ఉండడం వల్ల ఒకరి రక్తం రెండోవారికి ఎక్కువగా పోతే, ఇచ్చినవారి సంచిలో నీరు తగ్గుతుంది, పుచ్చుకున్నవారి సంచిలో పెరిగి గుండెపై భారం పడుతుంది. ఒకే మాయ ఉన్న నూరు జంటల్లో పది, పదిహేను జంటలకు ఈ ముప్పు వస్తుంది కాబట్టే 16వ వారం నుంచి నన్ను రెండు వారాలకొకసారి పిలుస్తున్నారు. ముదిరితే ఆ నాళాలను లేజరుతో మూసివేస్తారు. స్కానులకు ఒక్క పైసా తీసుకోరు. కాకపోతే వైద్యసేవల రుసుము కింద వీసాతోపాటే ఏడాదికి మనిషికి 1,035 పౌన్లు, అంటే పౌను 115 రూపాయల లెక్కన దాదాపు లక్షా పంతొమ్మిది వేలు, ముందే కట్టించుకున్నారు. ఆ సంగతి గుర్తొచ్చినప్పుడల్లా ఇంకో స్కాన్ చేసినా బాగుండుననిపిస్తుంది.

ఈ రోజు మొదటి పాప 470 గ్రాములు, రెండో పాప 440 గ్రాములు ఉన్నారు; తేడా ఇరవై శాతానికి చేరితే కలవరపడాలట, మాది ఏడు కూడా లేదు. రూపం ఒకటైనా వేలిముద్రలు వేరట. అవి గర్భంలోనే, ఈపాటికే, ఎవరివి వారికి ఏర్పడిపోయి ఉంటాయి. చిన్నది తన పాదాన్ని పొరకు ఆనించి తోస్తోంది, అవతల పెద్దదాని తల కదులుతోంది. ఆయనకు ఆఫీసులో సెలవు దొరకలేదు, పక్కన ఖాళీ కుర్చీ వైపు తిరిగి "చూశారా!" అనేశాను.

ఫొటోకు అయిదు పౌన్లు, మన 575 రూపాయలు. మా అమ్మ దాన్ని ఫోన్‌లో పెద్దది చేసుకుని చూసి, ఎవరు పెద్ద అని అడిగింది. కింద ఉన్న పాపను మొదటిదని రాస్తారని చెప్పాను. వెనక పుట్టిందే పెద్దదని నాయనమ్మ అనేదని అమ్మ వాదించింది. మా అమ్మాయిలను 36వ వారంలో బయటికి తీస్తామన్నారు. అమ్మ వీసా ఇంకా రావలసి ఉంది.