నాయకుడి హత్య తర్వాత మనమేం చేస్తాం?

పెద్దలకు, హన్మకొండ మిత్రులకు, లా చదువుతున్న తమ్ముళ్లకు, చెల్లెళ్లకు నమస్కారం.

1986 ఫిబ్రవరి 28 రాత్రి స్వీడన్ ప్రధాని ఓలోఫ్ పాల్మే భార్యతో సినిమా చూసి, స్టాక్‌హోమ్ వీధిలో నడుచుకుంటూ ఇంటికి పోతున్నారు. పక్కన ఒక్క గన్‌మన్ లేడు. వెనక నుంచి ఎవరో వచ్చి కాల్చి చంపారు.

నేను చెప్పాలనుకున్నది ఆ తర్వాతి సంగతి. ఒకణ్ణి పట్టుకున్నారు. ప్రధాని భార్యే అతణ్ణి గుర్తుపట్టారు. 1989లో కింది కోర్టు యావజ్జీవం వేసింది. అదే ఏడాది పై కోర్టు రుజువు చాలదని వదిలేసింది. తుపాకి దొరకలేదు మరి. దేశమంతా హంతకుడి కోసం ఎదురుచూస్తుంటే ఆ మాట చెప్పి మనిషిని ఇంటికి పంపడానికి ఎంత గుండె కావాలి! 2020లో ఎవరికీ శిక్ష పడకుండానే దర్యాప్తు ముగించారు. ఆ కుటుంబానికి అది తీరని బాధే. అయినా ఆ కోర్టు చేసింది సరైన పనే అంటాను.

2003లో అదే నగరంలో విదేశాంగ మంత్రి అన్నా లింద్‌ను దుకాణంలో కత్తితో పొడిచారు. ఆమె చనిపోయిన మూడు రోజులకే, అనుకున్న తేదీకే, యూరో కరెన్సీని తీసుకోవాలా వద్దా అని జనం ఓటేశారు.

ఇక మన దగ్గర. 1985 సెప్టెంబర్‌లో కాజీపేటలో నక్సలైట్లు ఒక ఎస్సైని చంపారు. మర్నాడు ఆయన శవయాత్ర సాగుతుండగా పౌరహక్కుల నాయకుడు డాక్టర్ రామనాథంను వరంగల్‌లో, ఆయన క్లినిక్‌లోనే కాల్చి చంపారు; చంపింది పోలీసులేనని ఆరోపణ. మంథని నుంచి గతంలో గెలిచిన మాజీ స్పీకర్ శ్రీపాదరావును 1999లో నక్సలైట్లు చంపారు. ఏ చావుకూ కోర్టు తీర్పు కోసం ఆగే ఓపిక ఎవరికీ లేకపోయింది.

ఆ కాలపు పత్రికల జిల్లా పేజీలు తిరగేయండి. ‘పార్టీకి, పదవికి రాజీనామా చేస్తున్నాను, ఇకమీదట రాజకీయాలతో సంబంధం లేదు’ అని వార్డు మెంబర్లు, సర్పంచులు ఇచ్చిన ప్రకటనలు కనబడతాయి. ఠాణాల ముందు ఇసుక బస్తాలు, ముళ్లకంచెలు. భూతగాదా మీద దరఖాస్తు పట్టుకొని పోవాల్సిన రైతుకు అటు సర్పంచ్ లేడు, ఇటు ఠాణా గుమ్మం ఎక్కే ధైర్యం లేదు. ఎక్కితే ఇన్‌ఫార్మర్ అంటారేమోనని భయం.

లా విద్యార్థులను ఒకటి అడుగుతున్నాను. మన జిల్లాల్లో జరిగిన రాజకీయ హత్యల్లో కోర్టుకెక్కిన కేసుల తీర్పులు తెచ్చుకొని చదవండి. సాక్షి ఎక్కడ మాట మార్చాడో గుర్తుపెట్టుకోండి. ఆ ఊరికి పోయి, ఎందుకు మార్చాడో అడిగి రాసుకొని రండి.