302ను 304కి దించాలంటే: హత్య అప్పీలులో రికార్డు చదివే పద్ధతి

నమస్కారం. సెషన్స్ కోర్టు యావజ్జీవం వేసింది. ముద్దాయే కొట్టాడని కళ్లారా చూసినవాళ్లు చెప్పారు, క్రాస్ ఎగ్జామినేషన్‌లో ఆ మాట చెదరలేదు. ఇలాంటి అప్పీలులో మిగిలే ప్రశ్న ఇది హత్యా, హత్య కాని నరహత్యా అన్నదే. రికార్డు ముందు పెట్టుకుని ఆ తేడా ఎలా పట్టాలో ఇవాళ చూద్దాం.

మొదట నేరం జరిగిన తేదీ చూడండి. 2024 జులై 1కి ముందైతే ఐపీసీ, అంటే పాత భారత శిక్షాస్మృతి 299 (నరహత్య నిర్వచనం), 300 (హత్య నిర్వచనం), 302 (హత్యకు శిక్ష), 304 (హత్య కాని నరహత్యకు శిక్ష). ఆ రోజు గానీ, తర్వాత గానీ జరిగితే భారతీయ న్యాయ సంహితలో 100, 101, 103, 105. నిర్వచనాలు దాదాపు అవే, శిక్ష మారింది. 304 మొదటి భాగంలో (ఉద్దేశం ఉన్న నరహత్యకు) యావజ్జీవం లేదా పదేళ్ల వరకు జైలు ఉండేది. 105లో దానికి ఐదేళ్ల కనీస శిక్ష చేరింది. పాత నేరానికి ఈ కనీసం వర్తించదు, నేరం జరిగిన నాటి చట్టం కంటే ఎక్కువ శిక్ష వెయ్యకూడదనే రాజ్యాంగం 20(1) ఒప్పుకోదు. ఈ వీడియోలో పాత నంబర్లే వాడతాను.

ఇప్పుడు అసలు విషయం. "చంపాలన్న ఉద్దేశం లేదండీ, అందుకే 304" అన్న వాదన తరచుగా వింటుంటాం. అది 300లో మొదటి క్లాజుకే జవాబు. ముద్దాయిని పట్టుకునేది ఎక్కువగా మూడో క్లాజు. దానికి చంపే ఉద్దేశం అక్కర్లేదు. ఆ గాయం చెయ్యాలన్న ఉద్దేశం ఉండి, ఆ గాయం సహజంగానే ప్రాణం తీసేంతటిదైతే చాలు.

1958లో విర్సా సింగ్ కేసులో జస్టిస్ వివియన్ బోస్ దీన్ని నాలుగు మెట్లుగా విడగొట్టారు. కడుపులో ఒకే ఒక్క బల్లెం పోటు. గాయం ఉందా? అది ఎలాంటిది? ఆ గాయమే చెయ్యాలనుకున్నాడా, లేక పొరపాటునో, మరోచోటికి గురిపెడితేనో తగిలిందా? అది సహజ క్రమంలో చావుకు సరిపోతుందా? ముద్దాయి మనసుకు సంబంధించింది మూడో మెట్టు ఒక్కటే. నాలుగోది వైద్య సాక్ష్యాన్ని బట్టి కోర్టు తేల్చే విషయం, అది ముద్దాయికి తెలుసా లేదా అన్నది అక్కడ పనికిరాదు. కాబట్టి మీ బలమంతా మూడో మెట్టు మీద పెట్టండి: పెనుగులాటలో తగిలిందా, బాధితుడు పక్కకు తిరిగాడా, దెబ్బ ఎక్కడికి గురిపెట్టింది? ఒకే దెబ్బ కాబట్టి 304 అన్న సూత్రమేదీ లేదని ఈ తీర్పుతోనే తెలుస్తుంది.

మన గుంటూరు జిల్లా నుంచి వెళ్లిన రాయవరపు పున్నయ్య కేసు ఇంకో అపోహను తీసేస్తుంది. బరువైన కర్రలతో కాళ్ల మీద, చేతుల మీద కొట్టారు. తలకు, ఛాతీకి దెబ్బల్లేవు. కీలక అవయవాల మీద కొట్టలేదని హైకోర్టు 304 రెండో భాగానికి దించింది. రాష్ట్రం అప్పీలుకు వెళ్తే 1976లో సుప్రీంకోర్టు తిరిగి 302 కిందే శిక్ష వేసింది. ముందే అనుకుని, ఎముకలు విరిగేలా పదేపదే కొట్టిన దెబ్బలన్నీ కలిపి చూస్తే చావుకు సరిపోయాయి. 299, 300ల క్లాజులను పక్కపక్కన పెట్టి పోల్చిన పట్టిక ఆ తీర్పులో ఉంది. జూనియర్లు దాన్ని చేత్తో ఒకసారి రాసుకోవాలని నా గట్టి అభిప్రాయం.

ఇక రికార్డు. తీర్పు కంటే ముందు పోస్టుమార్టం రిపోర్టు, డాక్టరు సాక్ష్యం చదవండి. గాయం పొడవు, లోతు, లోపల తెగిన అవయవం నోట్ చేసుకోండి. డాక్టరు "చావు రావచ్చు" అన్నాడా, "సహజ క్రమంలో చావుకు సరిపోతుంది" అన్నాడా? మొదటిది 299లో ఆగుతుంది, రెండోది 300కి తీసుకెళ్తుంది. అయితే డాక్టరు ఆ మాట అనలేదన్నంత మాత్రాన కేసు దిగిపోదు, గాయాన్ని చూసి కోర్టే నిర్ణయించవచ్చు.

తర్వాత ఆయుధం. వెంట తెచ్చుకున్నాడా, అక్కడే దొరికింది అందుకున్నాడా? మహజరు (పోలీసులు పంచుల ముందు రాసిన పంచనామా), మొదటి ఫిర్యాదు పక్కపక్కన పెట్టి చూడండి. ఫిర్యాదులో "మాటా మాటా పెరిగి" అని ఉండి, కోర్టులో సాక్షులు పాత కక్షలు చెప్తే ఆ తేడాయే మీ ఆయుధం. 2006 నాటి పులిచెర్ల నాగరాజు తీర్పులో ఉద్దేశాన్ని తేల్చే ఇలాంటి అంశాలన్నీ వరుసగా ఉన్నాయి.

హత్యను 304కి దించే మినహాయింపులు 300లోనే ఉన్నాయి. హఠాత్తుగా జరిగిన కొట్లాట అంటే నాలుగో మినహాయింపు. నాలుగూ కలిసి ఉండాలి: హఠాత్తు కొట్లాట, ముందస్తు పథకం లేకపోవడం, ఆవేశం, క్రూరంగా గానీ అదను చూసుకుని గానీ కొట్టకపోవడం. ఎక్కువ వాదనలు చివరిదాని దగ్గరే కూలిపోతాయి. ఖాళీ చేతులతో ఉన్నవాడిని కత్తితో పదేపదే పొడిస్తే ఈ మినహాయింపు దక్కడం చాలా కష్టం. మినహాయింపు రుజువు చేసే భారం ముద్దాయిదే, కానీ ప్రాసిక్యూషన్ సాక్షుల నోటి నుంచే అది రాబట్టుకోవచ్చు. తీవ్రమైన రెచ్చగొట్టడం (మొదటి మినహాయింపు) అంటే మాత్రం గడియారం చూడండి. భార్య ప్రియుణ్ని కాల్చి చంపిన నానావతి కేసులో, విషయం తెలియడానికీ కాల్పులకూ మధ్య దాదాపు మూడు గంటలు గడవడంతో ఆ వాదన నిలవలేదు.

"ఆసుపత్రిలో సరిగా చూసుంటే బతికేవాడు" అని వాదించకండి. 299 రెండో వివరణ దాన్ని సూటిగా కొట్టేస్తుంది.

304కి దిగాక భాగం తేల్చాలి. ఉద్దేశం ఉంటే మొదటిది. చావు రావచ్చన్న ఎరుక మాత్రమే ఉంటే రెండోది, అప్పుడు యావజ్జీవం ఉండదు.

అప్పీలు గ్రౌండ్స్‌లో నిర్దోషిగా వదలాలన్నది ముందు రాసి, ప్రత్యామ్నాయంగా 304 అడగండి. దానికి వేరే అభియోగం ఉండక్కర్లేదు, పాత నేర విచారణ స్మృతి (సీఆర్‌పీసీ) 222 చాలు, 2024 జులై 1 నుంచి దాని స్థానంలో ఉన్న భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో అది 245. యావజ్జీవం మీద హైకోర్టుకు గడువు 60 రోజులు, మరణశిక్షైతే 30. జైలు నుంచి, ఎన్ని రోజులు లోపల ఉన్నాడో చూపే కస్టడీ సర్టిఫికెట్ ముందే తెప్పించుకోండి. రెండో భాగం దక్కితే, విచారణ ఖైదీగా గడిపిన రోజులను సీఆర్‌పీసీ 428 (కొత్త సంహితలో 468) కింద తీసేశాక శిక్ష ఇంకెంత మిగిలిందో బెంచ్ అడిగితే చెప్పగలగాలి.